సెల్ టవరుకు అద్దె ఉంది, హైటెన్షన్ టవరుకు ఎందుకు లేదు?

ఇది పొడుగు పోస్టు. తీరిక ఉన్నప్పుడు చదవండి. తెలుగు మాట్లాడడం వచ్చి చదవడం రాని మనవాళ్ళు ఇంట్లో ఉంటే చదివి వినిపించండి. భూమి సంగతి కాబట్టి అందరికీ చేరాలి.

మన సభ్యుల పొలాల మీదుగా వెళ్తున్న హైటెన్షన్ లైన్ల గురించి సంఘం తరఫున కలెక్టరుకు వినతిపత్రం ఇద్దామన్న మాట వచ్చినప్పటి నుంచి గ్రూపులో రెండు పక్షాలు తయారయ్యాయి. ఒక పక్షం అంటుంది: "మనది భాషా సంఘం. ఉగాది, పెళ్ళి సంబంధాలు, పిల్లలకు స్కాలర్‌షిప్పులు చూసుకుంటే చాలు. ఈ తగాదాలు మనకెందుకు?" రెండో పక్షం అంటుంది: "ఒక్క టవరు కూడా పాతనివ్వం. సంతకం పెట్టం, డబ్బు ముట్టం." మొదటి పక్షానిది పిరికితనం, రెండో పక్షానిది వట్టి ఆవేశం. రెండింటి వల్లా లాభపడేది లైను వేసే కంపెనీ ఒక్కటే. ఎందుకో చెబుతాను.

ముందు అసలు వాళ్ళు తీసుకునేది ఏమిటో చూద్దాం.

"మీ భూమి మేం తీసుకోవడం లేదు కదా, పట్టా మీ పేరుమీదే ఉంటుంది" అంటారు సర్వేకు వచ్చినవాళ్ళు. మాట అబద్ధం కాదు. చట్టం ప్రకారం వాళ్ళకు వచ్చేది వాడుకునే హక్కు మాత్రమే, యాజమాన్యం రాదు. కానీ ఆ వాడుక ఎంత వెడల్పునో వాళ్ళు చెప్పరు. కేంద్ర విద్యుత్ శాఖ 2015 మార్గదర్శకాల్లో లైను కింద వదలాల్సిన వెడల్పులు ఉన్నాయి. 110 కె.వి. లైనుకు 22 మీటర్లు, 220 కె.వి.కి 35, 400 కె.వి.కి 46, 765 కె.వి. డబుల్ సర్క్యూట్‌కు 67, 800 కె.వి. డి.సి. లైనుకు 69 మీటర్లు.

దీన్ని మన లెక్కలో చూడండి. రెండెకరాల తోట ఉన్న రైతు పొలంలో 220 కె.వి. లైను వంద మీటర్ల దూరం వెళ్ళిందనుకోండి. 35 మీటర్ల వెడల్పు, వంద మీటర్ల పొడవు అంటే 3500 చదరపు మీటర్లు, సుమారు 86 సెంట్లు. రెండెకరాల్లో 86 సెంట్లు! అదే 800 కె.వి. లైనయితే అదే వంద మీటర్లకు ఒక ఎకరా 70 సెంట్లు. ఇక మిగిలిందేమిటి?

ఆ 86 సెంట్లలో ఇల్లు కట్టడానికి లేదు. కోళ్ళ షెడ్డు వేయడానికి లేదు. కొబ్బరి చెట్టు ఉంటే కొట్టేస్తారు, మళ్ళీ నాటనివ్వరు. పసుపో, వేరుశనగో, కూరగాయలో వేసుకోవచ్చు, అంతే. నాలుగు కాళ్ళ టవరు పొలం మధ్యలో నిలబడితే ట్రాక్టరు చుట్టూ తిరగాలి, డ్రిప్ పైపులు చుట్టూ తిప్పాలి. అమ్మబోతే కొనేవాడు ముందు పైకి చూస్తాడు, తర్వాతే ధర చెబుతాడు. పట్టా మన పేరుమీదే ఉంటుంది, నిజమే. పట్టాలోని విలువ మాత్రం వైరు వెంట వెళ్ళిపోతుంది.

ఇప్పుడు "పాతనివ్వం" అనే అన్నలకు.

మీ కోపం న్యాయమైనదే. కానీ చట్టం ఎక్కడుందో తెలియకుండా రైతును ముందుకు తోస్తే కేసులు అతని మీద పడతాయి, మీ మీద కాదు. 2003 విద్యుత్ చట్టం 164వ సెక్షను కింద ప్రభుత్వం ఒక ఉత్తర్వు ఇస్తే, లైను వేసే సంస్థకు 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టంలోని అధికారాలన్నీ వస్తాయి. ప్రభుత్వ సంస్థకే కాదు, ప్రైవేటు కంపెనీకి కూడా. ఆ అధికారంతో వచ్చినప్పుడు భూమి యజమాని సమ్మతి అవసరం లేదని సుప్రీంకోర్టు 2016 డిసెంబరులో తేల్చేసింది. ఆ కేసులో ఓడింది మనలాంటి రెండెకరాల రైతు కాదు. సున్నపురాయి గనులున్న సెంచురీ టెక్స్‌టైల్స్ అంతటి కంపెనీ. అంత పెద్ద వకీళ్ళను పెట్టుకున్నవాళ్ళకే లైను ఆగలేదు.

రైతు అడ్డుపడితే ఏమవుతుంది? టెలిగ్రాఫ్ చట్టం 16వ సెక్షను ప్రకారం వాళ్ళు జిల్లా మేజిస్ట్రేటు దగ్గరకు, అంటే కలెక్టరు దగ్గరకు వెళ్ళి అనుమతి ఉత్తర్వు తెచ్చుకోవచ్చు. ఆ ఉత్తర్వు వచ్చాక కూడా అడ్డుపడితే అది నేరం. రాయగఢ్ నుంచి పుగళూరుకు వచ్చిన 800 కె.వి. లైను మన కళ్ళముందే జరిగింది. 2018 చివర్లో కొంగునాడు జిల్లాల్లో రైతులు నిరాహార దీక్షలు చేశారు, ధర్నాలు చేశారు, రోడ్ల పక్కన భూగర్భ కేబుల్ వేయమని అడిగారు. వాళ్ళ ధైర్యానికి దండం పెట్టాలి. అయినా లైను వచ్చింది, ఛార్జి అయింది, ఆరువేల మెగావాట్లు మోయగల లైను ఈరోజు తలల మీద ఉంది.

అదే పుగళూరు నుంచి కేరళలో త్రిశ్శూరుకు వెళ్ళిన 320 కె.వి. లైనును కేరళ వైపు కొంత దూరం భూగర్భ కేబులుగా వేశారు. భూమి ఆదా అవుతుందని ప్రభుత్వమే గొప్పగా చెప్పుకుంది. భూగర్భ కేబుల్‌కు ఖర్చు చాలా ఎక్కువ అన్నది నిజం. 800 కె.వి.నీ 320 కె.వి.నీ ఒకే గాటన కట్టలేమన్నదీ నిజం. కానీ "భూగర్భం అసాధ్యం" అని ఒక పక్క చెప్పి, సరిహద్దు దాటాక సాధ్యమైతే, రైతుకు అనుమానం రాకుండా ఎలా ఉంటుంది? అది లైను డిజైను చేసేటప్పుడు తేల్చాల్సిన ప్రశ్న. టవరు గుంత తవ్వేటప్పుడు అడిగితే జవాబు చెప్పేవాడు అక్కడ ఉండడు, కాంట్రాక్టరు మనుషులు మాత్రమే ఉంటారు.

ఇక 1885 చట్టం సంగతి. అప్పటి టెలిగ్రాఫ్ అంటే ఒక స్తంభం, ఒక సన్న తీగ. దాని కింద మామిడి చెట్టు పెరిగినా పెద్ద ఇబ్బంది లేదు. ఆ తీగ కోసం రాసిన సెక్షన్లతో ఇవాళ 69 మీటర్ల వెడల్పు దారి తీసుకుంటున్నారు. 2013 జులైలో దేశంలో టెలిగ్రాం సేవే ఆగిపోయింది. 2023లో కొత్త టెలికాం చట్టం తెచ్చి పాత టెలిగ్రాఫ్ చట్టాన్ని రద్దు చేశారు. కానీ కరెంటు లైన్ల కోసం మాత్రం ఆ పాత చట్టంలోని మూడో భాగం కొనసాగుతుందని అందులోనే రాసుకున్నారు. టెలిగ్రాం పోయింది, టెలిగ్రాఫ్ చట్టం పోయింది, రైతు పొలంలోకి వచ్చే అధికారం మాత్రం భద్రంగా దాచుకున్నారు. 2013 భూసేకరణ చట్టంలో గ్రామాల్లో మార్కెట్ విలువకు గుణకం, దాని మీద అంతే సొలేషియం అని విన్నాం కదా. ఆ చట్టం నాలుగో షెడ్యూలులో పెట్టి విద్యుత్ చట్టానికి మినహాయింపు ఇచ్చారు. పైగా ఇది "సేకరణ" కాదు, "వాడుక" మాత్రమే అంటారు. మాట మార్చితే డబ్బు తగ్గుతుంది.

నేను అడిగే ప్రశ్న సూటిగా ఉంది. వాడుకే అయితే అద్దె ఏది?

మన ఊళ్ళో మిద్దె మీద సెల్ టవరు పెడితే నెలనెలా అద్దె ఇస్తారు. అగ్రిమెంటు రాస్తారు, కొన్నేళ్ళకోసారి పెంచుతారు. ఎవడూ "దేశానికి సిగ్నల్ కావాలి, ఊరికే ఇవ్వు" అనడం లేదు. కర్ణాటకలో పావగడ చూడండి. మనవాళ్ళు తరతరాలుగా తెలుగు మాట్లాడుతున్న తాలూకా అది. అక్కడ రెండువేల మెగావాట్లకు పైగా సోలార్ పార్కు సుమారు 13,000 ఎకరాల్లో పెట్టారు. రైతుల భూమిని కొనలేదు, లీజుకు తీసుకున్నారు. ఎకరాకు ఏడాదికి 21,000 రూపాయలతో మొదలుపెట్టి, రెండేళ్ళకోసారి 5 శాతం పెంచే ఒప్పందం. ఆ అద్దె చాలదని, కూలీలకు పని పోయిందని అక్కడ విమర్శలు లేకపోలేదు. అయినా సూత్రం ఒకటి ఒప్పుకున్నారు: భూమి రైతుది, వాడుకున్నన్నాళ్ళు ఏటా డబ్బు ఇవ్వాలి. అద్దాలు పరిచిన భూమికి ఏటా అద్దె. అలాంటి కరెంటును మోసుకుపోయే లైను కింద భూమికి ఒక్కసారి చెక్కు, తర్వాత దండం. ఇది ఏం న్యాయం?

అద్దె అన్నది నేను పుట్టించిన మాట కాదు. 2006లో కేంద్రం చేసిన విద్యుత్ లైసెన్సీల పనుల నిబంధనల్లోనే ఉంది. యజమాని అభ్యంతరం చెబితే జిల్లా మేజిస్ట్రేటు అనుమతి ఇచ్చేటప్పుడు నష్టపరిహారం గానీ, వార్షిక అద్దె గానీ, రెండూ గానీ నిర్ణయించాలని మూడో నిబంధన చెబుతుంది. మరి ఎందుకు ఇవ్వడం లేదు? అదే నిబంధన చివర్లో, 164 కింద ఇచ్చిన అధికారాలకు ఇది వర్తించదన్నట్టు ఒక వాక్యం ఉంది. అంటే ఇంటికి రెండు వాకిళ్ళు. ఒక వాకిట్లో సమ్మతి, అద్దె అని రాసి ఉంది. ఇంకో వాకిట్లో 1885 అని రాసి ఉంది. పెద్ద లైన్లవాళ్ళు ఏ వాకిట్లోంచి వస్తారో నేను చెప్పనక్కరలేదు.

"అద్దె ఇస్తే కరెంటు రేటు పెరుగుతుంది, పాపం జనం" అంటారు. ఈ వాదన కొంచెం ఆలోచించాల్సిందే. కరెంటు అందరికీ కావాలి, లైన్లు పడాలి, నేను కాదనను. కానీ నియంత్రణ కమిషన్ టారిఫ్ నిర్ణయించే లైన్లలో, రైతుకు ఇచ్చే పరిహారం కూడా ప్రాజెక్టు ఖర్చులోనే కలుస్తుంది. ఆ ఖర్చు ఏళ్ళ తరబడి అందరి బిల్లుల్లోంచి తిరిగి వస్తుంది, పెట్టుబడి మీద రాబడి కూడా కంపెనీకి వస్తుంది. లైను ఆయుష్షు 35 ఏళ్ళని వాళ్ళ లెక్కల్లోనే ఉంటుంది. అంటే 35 ఏళ్ళు ఆదాయం వచ్చే ఆస్తి కింద ఉన్న నేలకు మాత్రం ఒక్కరోజు చెల్లింపు. కోట్ల మంది బిల్లుల్లో పైసల్లో పంచాల్సిన భారాన్ని దారిలో దొరికిన కొద్దిమంది రైతుల నెత్తిన పెట్టి, దాన్ని "దేశ ప్రగతి" అంటున్నాం.

"ఉచిత కరెంటుతో మోటార్లు ఆడిస్తూ లైను వద్దంటారా" అనేవాళ్ళూ ఉన్నారు. ఉచిత కరెంటు రైతులందరికీ ప్రభుత్వం ఇచ్చినది. లైను నష్టం దారిలో ఉన్నవాడికి మాత్రమే. పైగా తల మీద పోయే 400 కె.వి. లైను ఆ ఊరి మోటారుకు కరెంటు ఇవ్వదు. అది ఎక్కడో పుట్టి ఎక్కడికో పోతుంది.

ఇక ధర దగ్గరకు వద్దాం. అసలు మోసం శాతంలో లేదు, దేని మీద శాతమో అందులో ఉంది. 2015 మార్గదర్శకాల్లో టవరు కాళ్ళ మధ్య నేలకు భూమి విలువలో 85 శాతం, లైను కింద దారికి గరిష్ఠంగా 15 శాతం అన్నారు. 2024 జూన్‌లో టవరు నేలకు 200 శాతం, దారికి 30 శాతం అన్నారు. 2025 మార్చిలో దాన్ని ఇంకా సవరించి, మునిసిపాలిటీల్లో దారికి 45 శాతం, మహానగరాల్లో 60 శాతం అన్నారు. మార్కెట్ ధర తేల్చడానికి భూమి యజమానుల ప్రతినిధి కూడా ఉండే కమిటీ పెట్టమన్నారు. వినడానికి బాగుంది. కానీ ఇవి కేంద్రం సలహాలు. రాష్ట్రం తన ఉత్తర్వుతో ఒప్పుకుంటేనే మన చేతికి వస్తాయి.

లెక్క వేసి చూడండి. పైన చెప్పిన 86 సెంట్లే తీసుకుందాం. సెంటుకు గైడ్‌లైన్ విలువ పదివేలు, నిజంగా అమ్మితే నలభై వేలు అనుకుందాం. గైడ్‌లైన్ మీద 15 శాతం అయితే వచ్చేది 1,29,000 రూపాయలు. గైడ్‌లైన్ మీద 30 శాతం అయితే 2,58,000. మార్కెట్ ధర మీద 30 శాతం అయితే 10,32,000. మొదటిదానికీ చివరిదానికీ ఎనిమిది రెట్లు తేడా. తమిళనాడులో 2017 జూన్‌లో గైడ్‌లైన్ విలువలను 33 శాతం తగ్గించారు. రిజిస్ట్రేషన్ చేసుకునేవాళ్ళు అప్పుడు సంతోషించారు. అదే తగ్గించిన విలువ మీద పరిహారం లెక్క కడితే ఏమవుతుందో తర్వాతి ఏళ్ళలో లైను దారిలో ఉన్నవాళ్ళకు తెలిసింది.

కొబ్బరి చెట్టు సంగతి ఇంకోటి. చెట్టు ధర కట్టి చేతిలో పెడతారు. కానీ చెట్టు పోయిన చోట ఇంకో చెట్టు రాదు. అరవై ఏళ్ళు కాయాల్సిన చెట్టును కట్టెల లెక్కన చూడకూడదు. లివిషా కేసులో 2007లోనే సుప్రీంకోర్టు చెప్పింది: భూమి ఎక్కడుంది, లైను అంచున వెళ్తుందా మధ్యలోంచి వెళ్తుందా, ఎంత మేర వెళ్తుంది, భూమి విలువ ఎంత తగ్గింది, ఇవన్నీ చూసి పరిహారం కట్టాలని. అందరికీ ఒకే లెక్క కాదు. అది మన చేతిలో ఉన్న ఆయుధం. వాడేవాళ్ళు ఎంతమంది?

ఇక్కడే నాకు మన సంఘం మీద కోపం. హక్కు ఉండీ పోగొట్టుకుంటున్నది తెలియకపోవడం వల్ల. కాబట్టి రైతుకు చెప్పాల్సినవి చెబుతున్నాను.

సర్వేకు మనుషులు వచ్చిన రోజే 164 ఉత్తర్వు కాపీ అడగండి. గొడవ వద్దు, అభ్యంతరం కాగితం మీద రాసి కలెక్టరేటులో ఇచ్చి రసీదు తీసుకోండి. అభ్యంతరం చెప్పడం నేరం కాదు. దారి మార్చమని అడిగితే ఎఫ్.ఎం.బి. స్కెచ్ మీద గీసి, గట్టు వెంబడి వెళ్ళే దారి చూపించి అడగండి. పని మొదలవకముందే ప్రతి చెట్టుకూ, బోరుకూ, పైపులైనుకూ ఫోటో తీసుకోండి. మహజరు రాసేటప్పుడు వి.ఏ.ఓ. ఉండాలి, మీరూ ఉండాలి, ఖాళీ కాగితం మీద సంతకం వద్దు. చెక్కు ఇస్తే "తక్కువని అభ్యంతరంతో తీసుకుంటున్నాను" అని రాసి తీసుకోండి. "ముట్టం" అని పంతం పడితే ఆ డబ్బూ పోయి వడ్డీ వ్యాపారి దగ్గరకు వెళ్ళాల్సి వస్తుంది. తక్కువైతే 16వ సెక్షను మూడో ఉపవిభాగం కింద జిల్లా జడ్జి దగ్గర పిటిషను వేయవచ్చు. దానికి మూడేళ్ళ గడువు వర్తిస్తుందని 1976లోనే సుప్రీంకోర్టు చెప్పింది. "చూద్దాంలే" అంటూ కూర్చుంటే ఆ వాకిలి కూడా మూసుకుపోతుంది.

ఇంకో చేదు మాట. మనలో సగం మంది పట్టాలు ఇంకా తాత పేరుమీదో, కూట్టు పట్టాగానో ఉన్నాయి. చెక్కు ఎవరి పేరు దొరికితే వాళ్ళకు వెళ్తుంది. అన్నదమ్ములు పంచుకుని అక్కచెల్లెళ్ళకు చెప్పరు. ఆడపిల్లకు పిత్రార్జితంలో సమాన వాటా తమిళనాడులో 1989 నుంచి, దేశమంతా 2005 నుంచి ఉంది. చట్టం "ఆసక్తి ఉన్న వ్యక్తులందరికీ" పూర్తి పరిహారం అంటుంది. అంటే వాటా ఉన్న ఆడపడుచుకూ, సాగు చేస్తున్న కౌలుదారుకూ కూడా. పంపకంలో తగాదా వస్తే అదీ జిల్లా జడ్జే తేలుస్తాడు. కంపెనీని న్యాయం అడిగే నోటితో ఇంట్లో అన్యాయం చేయకూడదు.

ఇప్పుడు "మనకెందుకు" అనే పెద్దలకు. అయ్యా, మనం ఈ నేలకు వచ్చింది భాషతో ఒక్కదానితోనే కాదు. బావులు తవ్వి, నల్లరేగడి దున్ని, తోటలు పెట్టి నిలబడ్డాం. ఆ తోట అమ్ముకుని కుర్రవాడు బెంగుళూరుకో, అమెరికాకో వెళ్ళిపోతే ఊళ్ళో తెలుగు ఎవరితో మాట్లాడతారు? ఉగాదికి పందిరి ఎవరి పొలంలో వేస్తారు? భూమి నిలవకుండా భాష నిలిచిన ఊరు ఒక్కటి చూపించండి, నేను ఈ పోస్టు తీసేస్తాను. పైగా ఇది తెలుగువాళ్ళ గొడవ ఒక్కటే కాదు. పక్క పొలం గౌండరుదీ ఇదే కష్టం, ఆ పక్క దళిత రైతుదీ ఇదే కష్టం. వైరు కులం అడిగి పోదు. వాళ్ళ సంఘాలతో కలిసి వెళ్దాం, వినతిపత్రం తమిళంలోనే రాద్దాం.

వచ్చే కమిటీ మీటింగులో నేను పెట్టబోయే తీర్మానం ఇది. ఒకటి, రాష్ట్ర ప్రభుత్వం 2024, 2025 మార్గదర్శకాలకు తక్కువ కాకుండా ఏ ఉత్తర్వు అమల్లో పెట్టిందో, ఏ తేదీ నుంచో, ఆ కాపీని ప్రతి తాలూకా ఆఫీసులో పెట్టమని అడగాలి. పరిహారం మార్కెట్ ధర మీదే కట్టాలి. రెండు, ఏకమొత్తం పరిహారంతో పాటు లైను ఉన్నన్నాళ్ళు వార్షిక అద్దె ఇచ్చేలా 164 దారిలోనూ నిబంధన మార్చమని మన ఎం.పి.లను కలవాలి. మూడు, దారి ఖరారు కాకముందే సర్వే నంబర్లతో సహా యజమానులకు విడివిడిగా తెలియజేయాలి. నాలుగు, మన సంఘంలోనే ఒక చిన్న సహాయ బృందం. రెవెన్యూ శాఖలో రిటైరైనవాళ్ళు, సర్వేయర్లు, వకీళ్ళు మనలో ఉన్నారు. నెలకు ఒక ఆదివారం కూర్చుంటే చాలు.

ఖర్చు ఎంత అంటారా? కిందటి ఉగాదికి స్టేజీ లైట్లకు పెట్టినదాంట్లో సగం చాలు.

ఒప్పుకోనివాళ్ళు కారణం ఈ పోస్టు కిందే రాయండి, జవాబు చెబుతాను. లైను దారిలో భూమి ఉన్న సభ్యులు సర్వే నంబరు, ఊరు పేరు ఇక్కడ పెట్టకండి, కార్యదర్శికి విడిగా పంపండి. మూడేళ్ళ గడువు దగ్గరపడినవాళ్ళు మీటింగు దాకా కూడా ఆగవద్దు, ఈ వారమే వకీలును కలవండి.